ఒకే పాఠము, రెండు జీతములు

అమెరికా దేశమున వర్జీనియా రాష్ట్రమందలి నార్ఫోక్ పట్టణపు ప్రభుత్వ పాఠశాలలలో నొకప్పుడు శరీరవర్ణమునుబట్టి జీతము లిచ్చుచుండిరి. నల్లజాతి యుపాధ్యాయుడగు మెల్విన్ ఆల్స్టన్‌కు సాలునకు 921 డాలర్లు. అట్టి యర్హతలే కలిగి, అట్టి పనియే చేయు తెల్లవానికి తక్కువపక్షము 1200 డాలర్లు.

1939లో ఎలీన్ బ్లాక్ అను నుపాధ్యాయిని మొదట వ్యాజ్యెము వేసెను. అధికారు లామెకు మరుసటి యేటి కొలువు నీయరైరి. ఆమె వ్యాజ్యెమును అంతటితో నాగిపోయెను. అది కన్నులార చూచియు ఆల్స్టన్ వెనుదీయక న్యాయస్థానము నాశ్రయించెను. ఆతని పక్షమున వాదించినవారిలో థర్గుడ్ మార్షల్ ఒకడు. వర్ణభేదముచే జీతభేదము చూపుట రాజ్యాంగవిరుద్ధమని 1940లో అప్పీలు న్యాయస్థానము తీర్పు చెప్పెను.

బడిపంతులకు జీతము కూడు పెట్టును, మర్యాదయు నిలుపును. ఆ మర్యాదకై యొక పంతులమ్మ తన కూటినే పణముగా నొడ్డెను. తీర్పులో ఆల్స్టన్ పేరున్నది. తొలి యడుగు మాత్ర మామెది.