ప్రాయము వచ్చినవారి స్వసమ్మతి: శాసనముల కథ

పెండ్లి యిరువురి విషయమా, ఇంటి విషయమా, కులవిషయమా యను ప్రశ్న మన పూర్వులకు తోచినది కాదు. వారికది కులవిషయమే. అట్లని శాసనములును మొదటినుండి కులపెద్దల పక్షముననే యుండెనని తలచుట సరికాదు.

1856 వ సంవత్సరపు 15 వ శాసనము హిందూవితంతువుల పునర్వివాహము చెల్లునని నిర్ణయించెను. దానిని గూర్చి యుపన్యసించువారు పెక్కండ్రు గలరు గాని, దాని 7 వ విభాగమును జదివినవారు కొలదిమంది. ప్రాయము రాక, కాపురమునకు పోకయున్న బాలవితంతువునకు మరల పెండ్లి చేయవలెనన్న తండ్రి యనుమతి కావలెను. ఆయన లేనిచో తండ్రి తండ్రి, పిమ్మట తల్లి, పిమ్మట అన్న, ఎవరును లేనిచో సమీపబంధువగు పురుషుడు. ప్రాయము వచ్చినదానికిని, కాపురము చేసినదానికిని మాత్రము తన సమ్మతియొక్కటియే చాలునని యందు స్పష్టముగా నున్నది. ఈ వరుసలో కులపెద్ద యెచ్చటను గానరాడు. అయితే మరల పెండ్లాడినయామె మొదటి భర్త యాస్తిపై హక్కును గోలుపోవునని 2 వ విభాగము చెప్పెను. స్వేచ్ఛ కోరినయామె దానికి సొమ్ము చెల్లింపవలసివచ్చెనన్నమాట!

రాజమహేంద్రవరమున కందుకూరి వీరేశలింగముగారు మొదటి వితంతువివాహమును జరిపించినది 1881 డిసెంబరు 11 వ తేదీని; అనగా శాసనము పుట్టిన 25 ఏండ్లకు. కాకినాడ వర్తకులగు పైడా రామకృష్ణయ్యగారు ఆయనకు ధనసహాయము చేసిరి. ఆ పెండ్లికి అడ్డువచ్చినది న్యాయస్థానము కాదు, వెలి. వెలిబడినవానికి బంతిలో విస్తరి లేదు, ఇంట కార్యమునకు పురోహితుడు రాడు. సాయపడినవారిలో గొందఱు ప్రాయశ్చిత్తము చేసికొని మరల కులమున గలసిరి. వారిని నిందింప నాకు మనసొప్పదు. పెండ్లి కావలసిన కూతుండ్రుగల గృహస్థునకు వెలికంటె గొప్ప దండన యేమున్నది?

18 ఏండ్లు నిండినవారు ప్రాయము వచ్చినవారని 1875 నాటి చట్టము లెక్క గట్టెను. కాని వివాహము, మహరు, విడాకులు, దత్తత యను నాలుగింటిని ఆ లెక్కనుండి తప్పించెను. పొలమమ్ముకొను ప్రాయము తేలెను, పెండ్లాడు ప్రాయము తేలలేదు. 1872 నాటి 3 వ శాసనము క్రింద పెండ్లాడగోరువారు తాము హిందూమతము నవలంబింపలేదని వ్రాసి యీయవలసియుండెను. 1923 లో ఆ నిర్బంధము సడలెను. 1949 లో హిందువుల కులాంతరవివాహములు చెల్లునని వేఱొక చట్టము వచ్చెను. 1954 లో ప్రత్యేక వివాహచట్టము వచ్చెను. వధువునకు 18, వరునకు 21 ఏండ్లుండవలెనను నియమము 1978 నాటిది.

2006 లో సుప్రీముకోర్టు ముందునకు వచ్చిన యొక వ్యాజ్యమును మనమందఱము తెలిసికొనదగును. ప్రాయము వచ్చిన యొక యువతి వేఱు కులమువానిని బెండ్లాడగా, ఆమె సోదరులు భర్త బంధువులపై క్రిమినలు కేసు పెట్టి వారిని జెయిలునకు పంపించిరి. కోర్టువారు ఆ కేసును కొట్టివేసిరి. ఇష్టము లేని తలిదండ్రులు రాకపోకలు మానుకొనవచ్చును గాని, బెదిరించుటకుగాని హింసించుటకుగాని వారికి హక్కు లేదనిరి. 2018 మార్చి 27 వ తేదీ తీర్పు మఱింత ముందునకు బోయెను. ప్రాయము వచ్చిన యిరువురు సమ్మతించిన పిమ్మట కుటుంబముయొక్కగాని, కులముయొక్కగాని యనుమతి యక్కఱలేదనియు, వారి వివాహమును నిలుపజూచుట కులపంచాయతికేగాక మఱి యే సభకైనను చట్టవిరుద్ధమనియు నందు గలదు.

మఱి యే సభకైనను అన్న మాటలో మన సభయు జేరును. మహారాష్ట్రమున 2016 నాటి చట్టము క్రింద వెలివేసినవారికి 3 ఏండ్లవఱకు ఖైదుగాని, లక్ష రూపాయలవఱకు జుల్మానాగాని, రెండునుగాని విధింపవచ్చును. మన సంఘము పిల్లల చదువులకు పూనుకొనుట శ్లాఘనీయము. అయితే ఇతర కులమున బెండ్లాడినవారి పేరు సభ్యుల పట్టికనుండి తీయరాదనియు, వారి బిడ్డలకు విద్యార్థివేతనము నిరాకరింపరాదనియు నొక తీర్మానము ఈ మహాసభయందే ప్రవేశపెట్టవలసినదిగా కార్యనిర్వాహకవర్గమువారిని ప్రార్థించుచున్నాను.