రేకు మీద పల్లె

మన బడిలో డ్రాయింగు పీరియడ్‌ను లెక్కలకు ఇచ్చేస్తే సంతోషించిన వాళ్లలో నేనొకణ్ణి. పోగొట్టుకున్నదేమిటో లక్ష్మాగౌడ్ గారి ఎచింగులు చూశాక తెలిసింది.

మెదక్ జిల్లా నిజాంపూర్‌లో 1940లో పుట్టిన ఆయన హైదరాబాద్‌లో చిత్రకళ చదివి, 1963లో బరోడా వెళ్లి, కె.జి. సుబ్రమణ్యన్ దగ్గర శిష్యరికం చేశారు. తిరిగొచ్చి తన పల్లె మనుషుల్నీ, మేకల్నీ, చెట్లనీ గీశారు. ఎచింగు, గాజు, టెర్రకోట, కంచు... సాధనాలు మారినా పల్లె మారలేదు. హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పారు. 2016లో పద్మశ్రీ వచ్చింది.

ఎచింగుకు జింకు రేకు మీద మైనపు పూత పూసి, సూదితో గీస్తారు. గీత పడ్డచోటే ఆసిడ్ లోహాన్ని తింటుంది. ఆ పల్లంలో నిలిచిన సిరాయే కాగితం మీద బొమ్మ. సర్క్యూట్ బోర్డులు చేసే నాకు ఆసిడ్ పని తెలుసు. ఆ గీత మాత్రం నా చేతికి రాదు. మన బడి పిల్లలకైనా ఆ పీరియడ్ దక్కనిద్దాం.