పరస్పర అంగీకార విడాకులు, పిల్లల హక్కులు: సెక్షన్ 13బిపై ఒక పరిశీలన

హిందూ వివాహ చట్టం (1955)లో 13బి సెక్షన్ 1976 సవరణతో చేరింది. ఒకరిపై ఒకరు నిందలు మోపి రుజువు చేయనక్కర లేకుండా, ఏడాదికి తగ్గకుండా విడిగా ఉన్న దంపతులు ఉమ్మడిగా విడాకులు కోరవచ్చు. పెళ్లి జరిగిందా, పిటిషన్‌లో రాసినవి నిజమేనా అన్నది కోర్టు విచారించి తేల్చుకుంటే చాలు. ఈ సెక్షన్‌లో పిల్లల ఊసే లేదు. అంగీకారం ఇద్దరిదే కానీ దాని ఫలితం అనుభవించే బిడ్డ ఆ పిటిషన్‌లో కక్షిదారు కాదు. ఈ లోటును ఇతర నిబంధనలు, తీర్పులు ఎంతవరకు పూడ్చాయన్నదే ఇక్కడి ప్రశ్న.

రాజీపత్రం పరిమితి

పిటిషన్‌కు ముందు కుదిరే రాజీపత్రంలో నగలు, ఏకమొత్తం భరణం, క్రిమినల్ కేసుల ఉపసంహరణ వంటి షరతుల మధ్య పిల్లల కస్టడీ కూడా ఒక షరతుగా చేరుతుంది. అక్కడే బేరానికి తావు. బిడ్డను తన దగ్గరే ఉంచుకునేందుకు తల్లి బిడ్డ పోషణ ఖర్చు అడగనని రాసివ్వవచ్చు. చట్టం ముందు ఆ రాత బిడ్డను కట్టిపడేయదు. హిందూ దత్తత, మనోవర్తి చట్టం (1956) 20వ సెక్షన్ మైనర్ పిల్లల పోషణ బాధ్యతను తల్లిదండ్రులిద్దరి మీదా పెట్టింది. హక్కు బిడ్డది కనుక దాన్ని వదులుకునే అధికారం తల్లికీ లేదు, తండ్రికీ లేదు. తనను తాను పోషించుకోలేని అవివాహిత కుమార్తెకు మైనారిటీ తీరినా ఈ హక్కు ఉంటుంది. కులాచారం ప్రకారం పెద్దమనుషుల ముందు జరిగే విడాకులను హిందూ వివాహ చట్టం 29(2) సెక్షన్ కాపాడుతోంది. అక్కడ కోర్టు ప్రమేయం లేకపోయినా 20వ సెక్షన్ బాధ్యత మాత్రం తప్పదు.

డిక్రీ తర్వాత

కస్టడీ, పోషణ, చదువులపై ఉత్తర్వులిచ్చే అధికారం హిందూ వివాహ చట్టం 26వ సెక్షన్ కోర్టుకు ఇచ్చింది. డిక్రీ తర్వాత కూడా దరఖాస్తు చేసుకుంటే వాటిని మార్చవచ్చు. అయిదేళ్ల వయసులో కుదిరిన మొత్తం ఇంటర్ చదువుకు చాలకపోతే మళ్లీ కోర్టు తలుపు తట్టే దారి ఉన్నట్టే. యశితా సాహు కేసులో (2020) సుప్రీంకోర్టు, కస్టడీ దక్కని తల్లి లేదా తండ్రితో బిడ్డకు ఫోన్, వీడియో కాల్ ద్వారానైనా సంబంధం నిలవాలని చెప్పింది. రజ్నేశ్ వర్సెస్ నేహా కేసులో (2020) మనోవర్తి వ్యాజ్యాల్లో ఇరుపక్షాలూ ఆదాయం, ఆస్తుల అఫిడవిట్ ఇవ్వాలని ఆదేశించింది.

తొందరపడితేనే ప్రశ్న

అమర్‌దీప్ సింగ్ కేసులో (2017) పిటిషన్ వేశాక రెండో విడత విచారణకు 13బి విధించిన ఆరు నెలల నిరీక్షణను కోర్టు తగిన కేసుల్లో మాఫీ చేయవచ్చని సుప్రీంకోర్టు తేల్చింది. మాఫీ కోరేవారు భరణం, పిల్లల కస్టడీ వంటి వివాదాలను ముందే నిజంగా పరిష్కరించుకుని ఉండాలి. అంటే తొందరగా విడిపోవాలనుకున్న దంపతులకే పిల్లల సంగతి తేల్చాలన్న షరతు వర్తిస్తుంది. ఆరు నెలలూ ఆగినవారికి 13బిలో అలాంటి షరతు లేదు. రాజ్యసభ 2013లో ఆమోదించిన వివాహ చట్టాల సవరణ బిల్లు, కోలుకోలేనంతగా చెడిన పెళ్లిళ్ల రద్దుకు పిల్లల పోషణకు తగిన ఏర్పాటు ఉండాలన్న నియమం ప్రతిపాదించింది. అది చట్టం కాలేదు. అయి ఉన్నా 13బి విడాకులకు ఆ నియమం వర్తించేది కాదు.

సూచన

డిక్రీకి ముందు, రెండో విడత విచారణలో, జడ్జి రాజీపత్రంలోని పిల్లల భాగాన్ని విడిగా పరిశీలించాలన్న నిబంధన 13బిలోనే చేరాలి. ఫీజులు, వైద్యం, ఏటా పెరిగే ఖర్చు, సెలవుల్లో ఎవరి దగ్గర ఉండాలి, ఊరు లేదా దేశం మారితే ఏం చేయాలి అన్నవి అందులో స్పష్టంగా రాసి ఉండాలి. ఆదాయ అఫిడవిట్లు దానికి జతచేయాలి. ఇప్పటి పద్ధతిలో నష్టపోయిన బిడ్డ తరఫున ఎవరో ఒకరు మళ్లీ కోర్టుకెక్కితే తప్ప 26వ సెక్షన్ కదలదు. ఆ భారం బిడ్డపై పడకుండా డిక్రీకి ముందే చూడడం చట్టం పని.