ఇండోనేషియా జనసంగీతము – ధర్మప్రబోధము

ఇండోనేషియా దీవులకు ఇస్లాం ప్రధానంగా వర్తకుల వెంట, సూఫీల వెంట వచ్చింది. జావాలో ధర్మప్రబోధానికి తోలుబొమ్మలాటను సైతం వినియోగించుకున్నారని అక్కడి తొమ్మిదిమంది వలీల గాథలు చెబుతాయి. వినోదం ధర్మానికి వాహనం కాగలదా అన్న ఈ పాత ప్రశ్న, ఇరవయ్యవ శతాబ్దంలో సినిమా, కేసెట్, టెలివిజన్ల రాకతో మళ్ళీ తలెత్తింది. డాంగ్‌డుట్ సంగీత చరిత్రలో దానికి కొంత సమాధానం దొరుకుతుంది.

1950వ దశకంలో ఇండోనేషియా నగరాలలో హిందీ చిత్రాలు విశేషాదరణ పొందాయి. మలయ్ వాద్యబృందాలు ఆ బాణీలకు తమ భాషలో పాటలు కట్టి పాడసాగాయి. అరబ్బు సంగీతపు పోకడలు కూడా అందులో కలిశాయి. తబలాను పోలిన వాద్యం పలికే 'డాంగ్', 'డుట్' అనే ధ్వనులనుబట్టి దానికి ఆ పేరు వచ్చింది. మొదట అది ఎగతాళి మాట. విద్యావంతులు చిన్నచూపు చూసిన ఆ పాటను శ్రామికులు, పేదలు తమదిగా చేసుకున్నారు.

దానిని ధర్మప్రబోధానికి మళ్ళించినవారు రోమా ఇరామా. ఆయన 1946లో పశ్చిమ జావాలోని తాసిక్‌మలాయాలో జన్మించారు. 1970వ దశకంలో సోనేటా బృందంతో, ఎలక్ట్రిక్ గిటారు చేతబట్టి, యువకులు మెచ్చిన రాక్ సంగీతపు హోరును డాంగ్‌డుట్‌లో ప్రవేశపెట్టారు. 1975లో హజ్ చేశారు. తన బృందం ముస్లింల వాణి అని చాటి జూదాన్ని, మద్యాన్ని, మాదకద్రవ్యాలను ఖండిస్తూ పాడారు. సంగీతం విషయంలో ఉలమాల మధ్య భేదాభిప్రాయం పూర్వంనుంచీ ఉన్నదే. అయినా ఉపన్యాసాలకు రాని జనం ఆయన పాటకు వచ్చారన్నది కాదనలేని సత్యం.

ఆ జనబలమే పాలకులను కలవరపెట్టింది. 1973లో ఇస్లామీయ పక్షాలను సుహార్తో ప్రభుత్వం పి.పి.పి. అనే ఒకే పార్టీగా కలిపివేసింది. 1977 ఎన్నికలలో రోమా ఆ పార్టీ తరఫున ప్రచారం చేశారు. ఫలితంగా 1988 వరకు ప్రభుత్వ టెలివిజన్ ఆయనకు తలుపులు మూసింది. నాడు దేశంలో వేరే టెలివిజన్ లేదు. కాని కేసెట్లు, సినిమాలు ఆయన గొంతును పల్లెపల్లెకూ చేర్చాయి. నిషేధం ఆయన కీర్తిని తగ్గించలేకపోయింది.

తరువాతి కథ ఆలోచింపజేస్తుంది. 1997 ఎన్నికలలో ఆయన ప్రభుత్వపక్షమైన గోల్కార్ వైపు నిలిచి, పాత అభిమానుల విమర్శకు గురయ్యారు. 2003లో యువగాయని ఇనుల్ దరతిస్తా నృత్యం అసభ్యమని తీవ్రంగా ఖండించి, తన పాటలు పాడరాదన్నారు. లజ్జ ఈమాన్‌లో భాగమన్న హదీసు దృష్ట్యా ఆయన అభ్యంతరం నిరాధారమైనది కాదు. అయితే ఆమె ప్రజాదరణ కూడా నాటి ఆయన కీర్తివలెనే ఖండనతో తగ్గలేదు.

ఒకనాడు నిషేధాన్ని అనుభవించినవారే మరొకనాడు నిషేధాన్ని కోరారు. జూదాన్ని విడువమని ఆయన పాట పిలిచినప్పుడు లక్షలాదిమంది చెవియొగ్గారు. పాడవద్దని ఆజ్ఞాపించినప్పుడు విన్నవారు తక్కువ. ధర్మప్రబోధకులు ఈ తేడాను గమనించవలసి ఉన్నది.