ధవళేశ్వరం: మూడు కాలువల కూడలి, ఒక నది కొలమానం

ఏటా జూలై, ఆగస్టు మాసాల్లో తెలుగు వార్తా ప్రసారాలలో ఒక వాక్యం తప్పనిసరిగా వినిపిస్తుంది. ధవళేశ్వరం వద్ద గోదావరి నీటిమట్టం ఇన్ని అడుగులకు చేరిందన్నదే ఆ వాక్యం. 11.75 అడుగులకు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75 అడుగులకు రెండవది, 17.75 అడుగులకు మూడవది జారీ అవుతాయి. ఢిల్లీ వాసులకు యమునపై పాత రైల్వే వంతెన వద్ద నమోదయ్యే మట్టం ఎటువంటిదో, గోదావరి జిల్లాల వారికి ఈ అంకెలు అటువంటివి. లంక గ్రామాల ప్రజలు ఇల్లు విడిచి గట్టు ఎక్కాలా, పశువులను ముందుగా తరలించాలా అన్న నిర్ణయాలు వీటిని బట్టే జరుగుతాయి. వార్తలు చదివే వారికి ఇది ఒక పంక్తి మాత్రమే. వినేవారికి ఆ రాత్రి నిద్ర దీనిపై ఆధారపడి ఉంటుంది.

ఇంతగా వినిపించే ఈ ఊరి గురించి ఆ ఒక్క పంక్తికి మించి తెలిసినవారు గోదావరి జిల్లాల వెలుపల తక్కువ. ధవళేశ్వరం తూర్పు గోదావరి జిల్లాలో, రాజమహేంద్రవరానికి దిగువన కొద్ది కిలోమీటర్ల దూరంలో గోదావరి ఎడమ గట్టున ఉన్న చిన్న పట్టణం. ఊరిని ఆనుకుని ఉన్న కొండను ధవళగిరి అంటారు. కొండపై లక్ష్మీ జనార్దన స్వామి ఆలయం ఉంది. గోదావరి తీరంలోని నవ జనార్దన క్షేత్రాలను ధవళేశ్వరంతో మొదలుపెట్టి కోటిపల్లితో ముగించడం ఆనవాయితీ. రాతి కొండ, వెడల్పయిన నది పక్కపక్కన ఉండటమే ఈ ఊరి చరిత్రను నిర్ణయించింది.

త్ర్యంబకేశ్వరం వద్ద పుట్టి 1,465 కిలోమీటర్లు ప్రవహించే గోదావరి, పాపికొండల ఇరుకు దాటి మైదానంలోకి వచ్చాక ఒక్కసారిగా విశాలమవుతుంది. ధవళేశ్వరం వద్ద నడుమనున్న లంకలతో కలిపి నది వెడల్పు దాదాపు ఆరు కిలోమీటర్లు. ఇక్కడే అది చీలుతుంది. ఎడమ పాయ గౌతమిగా యానాం వైపు, కుడి పాయ వశిష్ఠగా అంతర్వేది వైపు సాగుతాయి. వశిష్ఠ నుంచి వైనతేయ మరలా విడిపోతుంది. గౌతమికీ వశిష్ఠకూ నడుమనున్న త్రిభుజాకార భూమి కోనసీమ. పాయలు చీలే చోట నీటిని నిలపగలిగితే తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాలు మూడింటికీ పల్లానికి పారే కాలువలు తీయవచ్చు. ఎగువన అయితే కొండలు, దిగువన అయితే వేర్వేరు పాయలు. నీటిని పంచడానికి ఇంతకంటే అనువైన స్థలం ఆ నదికి మరొకటి లేదు.

ఆనకట్టకు ముందు ఆ ప్రాంతం ఎలా ఉండేదో నేటి పచ్చదనం చూసినవారికి ఊహకు అందదు. వర్షం తప్పితే కరువు, నది పొంగితే వరద. 1832-33లో వచ్చిన నందన నామ సంవత్సరపు కరువు తీరాంధ్రాన్ని కుదిపివేసింది. 1839లో తుపాను ఉప్పెన కోరంగి రేవును ముంచెత్తింది. కంపెనీ లెక్కల ప్రకారమే రాజమహేంద్రి జిల్లా జనాభా 1821లో సుమారు 7 లక్షల 38 వేలు ఉండగా, 1841 నాటికి 5 లక్షల 61 వేలకు పడిపోయింది. చనిపోయినవారు కొందరు, వలస వెళ్లినవారు కొందరు. శిస్తు రాబడి కూడా తగ్గింది. కంపెనీ ప్రభుత్వం కదలడానికి ప్రజల ఆకలి ఎంత కారణమో, ఖజానా ఆకలి కూడా అంతే కారణమని చెప్పుకోవలసి ఉంటుంది. 1844లో జిల్లా స్థితిని విచారించిన హెన్రీ మాంట్గొమరీ నివేదికతో నీటిపారుదల పనుల అవసరం ప్రభుత్వం దృష్టికి వచ్చింది. పరిశీలన బాధ్యత ఆర్థర్ కాటన్‌కు అప్పగించారు.

1803 మే 15న జన్మించిన కాటన్ అప్పటికే కావేరి డెల్టాలో కొల్లిడం నదిపై ఆనకట్టలు నిర్మించిన అనుభవం గల ఇంజనీరు. తంజావూరు ప్రాంతంలో చోళులనాటి కల్లణైను ఆయన నిశితంగా పరిశీలించారు. ఇసుక అడుగుగల నదిలో పునాదికి రాతిపొర దొరకకపోయినా, బరువైన రాళ్లతో కట్టడం నిలుస్తుందన్న పాఠం ఆ పురాతన కట్టడం నుంచే నేర్చుకున్నట్లు ఆయనే చెప్పుకున్నారు. ధవళేశ్వరం వద్ద కూడా నది అడుగున ఇసుకే. ఇంజనీరింగు పరీక్షలకు సిద్ధమయ్యే తెలుగు విద్యార్థులు దక్షిణ ఢిల్లీలో ఐఐటీ పక్కనున్న జియా సరాయ్ వీధుల్లో ఏటా కనిపిస్తారు. ఇసుక పునాదులపై కట్టే ఆనకట్టల గురించి వారు చదివే బ్లై సూత్రం ఇరవయ్యో శతాబ్ది తొలినాళ్లది, ఖోస్లా సిద్ధాంతం 1930ల నాటిది. ధవళేశ్వరం ఆనకట్ట ఆ రెండింటికీ ముందే అర్ధశతాబ్దికి పైగా వరదలను తట్టుకుని నిలిచింది. సూత్రం తరువాత వచ్చింది, కట్టడం ముందు వచ్చింది.

పనులు 1847లో మొదలయ్యాయి. నదిని ఒకే గోడతో అడ్డుకట్టలేదు. నడుమనున్న లంకలను ఆధారం చేసుకుని ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అనే నాలుగు భాగాలుగా నిర్మించారు. నాలుగింటి రాతికట్టు పొడవు కలిపి రెండుంపావు మైళ్లు, లంకలపై వేసిన మట్టి గట్లతో కలిపి దాదాపు నాలుగు మైళ్లు. రాయి ధవళేశ్వరం కొండ నుంచే వచ్చింది. కొండ నుంచి నది వరకు ఇనుప పట్టాలు వేసి, వాటిపై బండ్లు నడిపి రాయిని చేరవేశారు. మన దేశంలో ప్రయాణికుల రైలు 1853లో తొలిసారి కదలడానికి ముందే ఈ చిన్న ఊరిలో పట్టాలు పడ్డాయన్నమాట. పని జోరుగా సాగిన రోజుల్లో వేలాది కూలీలతోపాటు వడ్రంగులు, కమ్మరులు వందల సంఖ్యలో అక్కడ పనిచేశారు. 1848లో అనారోగ్యంతో కాటన్ ఆస్ట్రేలియా వెళ్లవలసి వచ్చినప్పుడు కెప్టెన్ ఆర్ పనులను కొనసాగించారు. స్థానికంగా కూలీలను కూడగట్టి పనులు నడిపించినవారిలో వీణం వీరన్న పేరు నిలిచింది. రాళ్లు మోసిన వేలమంది పేర్లు ఏ ఫలకంపైనా లేవు.

1852లో ఆనకట్ట పూర్తయింది. అదే కాలంలో వైనతేయ పాయ మీదుగా నగరం సీమకు నీటిని దాటించడానికి గన్నవరం వద్ద లెఫ్టినెంట్ హేగ్ 49 కమానులతో అక్విడక్టు కట్టించారు. నదిపై నుంచి కాలువ ప్రవహించే ఆ కట్టడం దాదాపు నూటయాభై ఏళ్లు పనిచేసింది. దాని పక్కన 2000లో కట్టిన కొత్త అక్విడక్టుకు, ఆకలితో వచ్చినవారికి వేళాపాళా చూడకుండా అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ పేరు పెట్టారు. నీటి కట్టడానికి అన్నదాత్రి పేరు పెట్టడం ఆ సీమకే తగిన ఆలోచన.

కాటన్ తవ్వించినవి సాగునీటి కాలువలు మాత్రమే కాదు. ప్రతి ప్రధాన కాలువా పడవ దారి కూడా. ఎత్తు తేడాలున్న చోట లాకులు కట్టారు. పడవ లాకులోకి రాగానే వెనుక తలుపులు మూసి, నీటిమట్టాన్ని పెంచో తగ్గించో ముందు తలుపులు తెరిచేవారు. కాకినాడ నుంచి బయలుదేరిన పడవ సామర్లకోట మీదుగా ధవళేశ్వరం చేరి, ఆనకట్టకు ఎగువనున్న నిలువ నీటిలో నదిని దాటి విజ్జేశ్వరం వద్ద పశ్చిమ డెల్టా కాలువలో ప్రవేశించేది. అక్కడి నుంచి ఏలూరు కాలువ ద్వారా బెజవాడ, కృష్ణ దాటి కొమ్మమూరు కాలువలో దుగ్గిరాల మీదుగా పెదగంజాం, ఆపై బకింగ్‌హాం కాలువలో చెన్నపట్నం. ధాన్యం, ఉప్పు, కలప, కొబ్బరి, ప్రయాణికులు అన్నీ ఈ దారినే సాగాయి. గాలి అనుకూలిస్తే తెరచాప, లేకుంటే గడ, అదీ సాగకపోతే గట్టు వెంట నడుస్తూ తాడుతో లాగే మనుషులు. ధవళేశ్వరం ఆ జలమార్గానికి కూడలి. పడవలు, లాకు తలుపులు తయారుచేసే ప్రభుత్వ వర్క్‌షాపులు ఇక్కడే వెలిశాయి. ఇంజనీర్లు, గుమాస్తాలు, చేతిపనివారు వచ్చి స్థిరపడటంతో పల్లె పట్టణమైంది.

అమెరికాలో 1825లో ప్రారంభమైన ఈరీ కాలువ వెంట కూడా ఇలాగే ఊళ్లు పుట్టాయి. వాటిలో ఒకదాని పేరే లాక్‌పోర్ట్. అక్కడా ఇక్కడా కాలువ ప్రయాణాన్ని వెనక్కి నెట్టింది రైలే. అయితే ఈరీ కాలువ ప్రధానంగా సరుకు రవాణాకు తవ్వినది. ధవళేశ్వరం కాలువలకు పొలాలు ఉన్నాయి కనుక పడవలు పోయినా నీరు ఆగలేదు. రైళ్ల కంటే జలమార్గాలు చౌక అని కాటన్ జీవితాంతం వాదించారు. 1878లో బ్రిటిష్ పార్లమెంటు కమిటీ ఎదుట కూడా అదే వినిపించారు. ఆయన మాట నెగ్గలేదు. రాజమహేంద్రవరం వద్ద 1900లో హేవలాక్ వంతెనపై రైలు నడిచాక, నది దాటడానికి ధవళేశ్వరం పడవ అవసరం క్రమంగా తగ్గింది. కాటన్ అంతకు ముందు ఏడాది, 1899 జూలై 24న కన్నుమూశారు.

ఇంజనీర్ల ఊరిగా ఎదుగుతున్న రోజుల్లోనే ధవళేశ్వరం తెలుగు ఆధునిక చరిత్రలో మరొక పుటలోకి ఎక్కింది. ఇక్కడి ఆంగ్ల పాఠశాలలో ప్రధానోపాధ్యాయుడుగా వచ్చిన కందుకూరి వీరేశలింగం 1874లో ఈ ఊరిలోనే బాలికల పాఠశాల స్థాపించారు. అదే ఏడాది అక్టోబరులో 'వివేకవర్ధని' పత్రికను ప్రారంభించారు. సంపాదకుడు ధవళేశ్వరంలో ఉండగా పత్రిక మొదట చెన్నపట్నంలో అచ్చయ్యేది. లంచగొండితనాన్ని, బాల్య వివాహాలను ఎండగట్టిన ఆ పత్రిక పుట్టిన ఊరిగా ధవళేశ్వరాన్ని తలచుకునేవారు తక్కువ. రాజమహేంద్రవరం కీర్తి పక్క ఊరి వాటాను కూడా తనలో కలుపుకుంది. పత్రికా వృత్తిలో ఉన్నవారిగా మాకు ఇది కొంత లోటుగా తోస్తుంది.

పాత ఆనకట్ట ఎత్తును దశలవారీగా పెంచుతూ వచ్చినా, శతాబ్దం దాటేసరికి అది బలహీనపడింది. దాని స్థానంలో 1970లో మొదలుపెట్టి 1982 నాటికి కొత్త బ్యారేజీ నిర్మించారు. ధవళేశ్వరం భాగంలో 70, ర్యాలిలో 43, మద్దూరులో 23, విజ్జేశ్వరంలో 39, మొత్తం 175 గేట్లు. దానికి ఆర్థర్ కాటన్ పేరే పెట్టారు. డెల్టా గ్రామాల్లో ఆయన విగ్రహాలు కనిపిస్తాయి. ధవళేశ్వరంలో ఆయన పేరిట మ్యూజియం ఉంది. పరాయి పాలన నాటి అధికారిని ఇంతగా తమవాడనుకున్న ప్రాంతాలు మన దేశంలో అరుదు.

బ్యారేజీ వచ్చిన కొద్ది ఏళ్లకే దానికి పరీక్ష ఎదురైంది. 1986 ఆగస్టులో సుమారు 35 లక్షల క్యూసెక్కుల ప్రవాహం ధవళేశ్వరం దాటింది. భద్రాచలం వద్ద మట్టం 75.6 అడుగులకు చేరింది. ఏటిగట్లు తెగి కోనసీమ నీట మునిగింది. 2006లో మళ్లీ భారీ వరద వచ్చింది. 2022లో సాధారణంగా ఆగస్టులో రావలసిన పెద్ద వరద జూలై మధ్యలోనే వచ్చి, ధవళేశ్వరం వద్ద మట్టం 21 అడుగులు దాటింది. దాదాపు 26 లక్షల క్యూసెక్కులు సముద్రంలోకి వెళ్లాయి. భద్రాచలం అంకెకూ ధవళేశ్వరం అంకెకూ నడుమ సుమారు ఒక రోజు వ్యవధి ఉంటుంది. లంకవాసులకు మిగిలే సమయం అదే. అందుకే భద్రాచలం మట్టం చెప్పిన బులెటిన్‌లోనే ధవళేశ్వరం మట్టం కూడా చెప్పడం ఆచారమైంది.

వరద లేని నెలల్లో సమస్య తలకిందులవుతుంది. ఈ బ్యారేజీ నీటిని మళ్లించేదే గాని నిలువ చేసేది కాదు. దాని వెనుక నిలిచేది మూడు టీఎంసీల లోపు. పది లక్షల ఎకరాలకు పైగా ఉన్న ఆయకట్టుకు సార్వా పంటలో నది దయతో నీరు అందుతుంది. దాళ్వాకు సీలేరు విద్యుత్ కేంద్రాల నుంచి విడుదలయ్యే నీటి కోసం ఎదురుచూడవలసి వస్తుంది. నీరు చాలనప్పుడు వంతులవారీగా కాలువలు వదులుతారు. ఎగువ పొలాలకు తడి అందినా శివారు భూముల దాకా నీరు చేరకపోవడంపై ఏటా ఫిర్యాదులే. కాలువల్లో పూడిక, గుర్రపుడెక్క, గట్లపై ఆక్రమణలు, ఊళ్ల నుంచి కలిసే మురుగు ఇందుకు తోడవుతున్నాయి. ఎగువన పోలవరం ప్రాజెక్టు పూర్తయితే దాళ్వా నీటికి భరోసా దొరుకుతుందన్నది డెల్టా రైతుల ఆశ.

పడవ దారిని మళ్లీ తెరిచే ప్రయత్నమూ ఉంది. కాకినాడ నుంచి పుదుచ్చేరి వరకు కాలువలను, గోదావరి, కృష్ణా నదుల భాగాలను కలిపి 2008లో నాలుగవ జాతీయ జలమార్గంగా ప్రకటించారు. అందులో ధవళేశ్వరం, విజ్జేశ్వరం లాకులు కూడా దారిలోనివే. అయితే కాకినాడ పడవ చెన్నపట్నం చేరిన ఆ పాత రాకపోకలు ఇంకా తిరిగి మొదలు కాలేదు.

వేసవిలో మరమ్మతుల కోసం కాలువలు కట్టివేస్తారు. అంతకు ముందే తాగునీటి కోసం ఊరూరా చెరువులు నింపుకోవాలి. ఆ గడువు దాటితే తీర గ్రామాల్లో మంచినీటికి కటకట తప్పదు. తిరిగి జూన్‌లో ధవళేశ్వరం, బొబ్బర్లంక, విజ్జేశ్వరం వద్ద హెడ్ స్లూయిస్‌లకు పసుపు కుంకుమలతో పూజ చేసి నీటిని వదులుతారు. ఆ నీరు కాలువల చివరి ఊళ్లకు చేరడానికి కొన్ని రోజులు పడుతుంది. శివారు రైతు నారుమడి దున్నేది దాని జాడ చూసిన తరువాతే.