అడవి పెద్దబాతుల వేట: అమెరికా సంయుక్త రాష్ట్రములలో అనుమతులు, నిబంధనలు

ఉత్తర ధ్రువప్రాంతపు బయళ్లలోను కెనడా చిత్తడినేలలలోను వేసవియందు గ్రుడ్లు పెట్టి, పిల్లలను పెంచి, శీతకాలమున దక్షిణమునకు వలసవచ్చు అడవి పెద్దబాతులను చట్టసమ్మతముగా వేటాడుటకై అమెరికా సంయుక్త రాష్ట్రములలో క్రమక్రమముగా ఏర్పడిన అనుమతిపత్రములు, కాలనియమములు, సంఖ్యాపరిమితులు, ఆయుధనిబంధనలు అనువాని చరిత్ర ఈ వ్యాసమునకు విషయము. కెనడా పెద్దబాతు, హిమబాతు, రాస్ పెద్దబాతు, తెల్లనొసటి పెద్దబాతు, సముద్రతీరవాసియగు బ్రాంట్ అనునవి అచట వేటకు లభించు ముఖ్యజాతులు. అడవిపక్షి ఏ ఒక్కరి సొత్తును గాక సమస్త ప్రజల ఉమ్మడి సొత్తనియు, ప్రభుత్వము దానికి ధర్మకర్త మాత్రమేయనియు, వేటకాడు అందుండి కొలిచి యిచ్చిన భాగమును మాత్రము గైకొని, ఆ పక్షిజాతి పోషణకగు వ్యయమున తనవంతు భరింపవలయుననియు చెప్పు సూత్రము ఈ నిబంధనలకెల్ల ఆధారము.

పూర్వస్థితి

పందొమ్మిదవ శతాబ్దమున ఆ దేశమున నీటిపక్షుల వేటకు చెప్పుకోదగిన అడ్డు లేకుండెను. రైలుమార్గములు విస్తరించి, మంచుగడ్డలలో భద్రపరచిన మాంసమును దూరనగరములకు చేర్చుట సులభమైన పిమ్మట, అంగడికై చంపుటయే జీవనోపాధిగా గల వృత్తివేటకాండ్రు సరస్సుల వెంటను సముద్రపు పాయల వెంటను బయలుదేరిరి. చెసపీక్ అఖాతమువంటి తావులలో వారు వాడిన పడవతుపాకి ఆ కాలపు వేటకు చక్కని నిదర్శనము: నీటిమట్టమునకు ఒదిగియుండు సన్నని పడవలో వేటకాడు బోరగిలపడి, రేయి చీకటిలో చప్పుడుకాకుండ నీటిని త్రోసికొనుచు, పడవ ముక్కున బిగించిన మిక్కిలి నిడుపైన తుపాకిని నిద్రించు గుంపునకు గురిచేసి ప్రేల్చినచో, ఒక్క ప్రేలుడునకే పదులకొలది పక్షులు నీట తేలెడివి. జతకట్టి ఉత్తరమునకు మరలిపోవు వసంతకాలమున సైతము వేట సాగుటచే, ఆ యేటి సంతానము పుట్టకముందే నశించుచుండెను. ఒక రాష్ట్రము వసంతవేటను నిషేధించినను పొరుగు రాష్ట్రము నిషేధింపకున్నచో ఫలితము శూన్యము. ఏలయన, ఒక్క రాత్రిలో పలు సరిహద్దులు దాటిపోవు పక్షికి ఏ యొక్క రాష్ట్రపు శాసనము రక్షణమీయజాలదు. ఒకప్పుడు ఆకాశమును క్రమ్మిన వలసపావురపు జాతిలో కడపటిది 1914 సెప్టెంబరు 1న సిన్సినాటి జంతుప్రదర్శనశాలలో మరణించుట, ఈ ఉపేక్ష ఎంతవరకు పోగలదో దేశమునకు తెలియజేసెను.

సమాఖ్య శాసనముల ఆవిర్భావము

అయోవా ప్రతినిధియగు జాన్ లేసీ పేరిట ప్రసిద్ధమైన 1900 నాటి చట్టము, ఒక రాష్ట్రపు శాసనమునకు విరుద్ధముగా చంపిన పక్షులను మరియొక రాష్ట్రమునకు తరలించుట నేరమని శాసించి, వృత్తివేటకాండ్ర వ్యాపారముపై తొలిదెబ్బ కొట్టెను. 1913లో వెలువడిన వీక్స్–మక్లీన్ చట్టము వలసపక్షులను నేరుగా సమాఖ్య ప్రభుత్వపు రక్షణక్రిందికి తెచ్చెను. కాని అట్టి యధికారము రాజ్యాంగమున లేదని క్రింది న్యాయస్థానములు ఆక్షేపించుటచే దాని పునాది కదిలెను. అంతట పక్షిహితైషులు వేరొక మార్గమును త్రొక్కిరి. విదేశములతో సంధి చేసికొనుట సమాఖ్య ప్రభుత్వమునకు నిర్వివాదమైన యధికారము కావున, 1916 ఆగస్టు 16న అమెరికాకును, కెనడా పక్షమున గ్రేట్ బ్రిటనుకును నడుమ వలసపక్షుల సంధి కుదిరెను. దానిని అమలుపరచుటకై కెనడా 1917లోను, అమెరికా 1918 జులై 3నను ప్రత్యేక చట్టములను చేసినవి.

వేటపక్షులకు మార్చి 10 మొదలు సెప్టెంబరు 1 వరకు అభయకాలమనియు, తక్కిన కాలములోనైనను వేటఋతువు మూడున్నర నెలలకు మించరాదనియు ఈ సంధి విధించినది. నేటికిని ఏ రాష్ట్రమైనను ఒక పక్షిజాతికి 107 దినములకు మించిన వేటఋతువును ప్రకటింపజాలకుండుటకు ఈ మూడున్నర నెలల నియమమే కారణము. వేటాడిన పక్షులను అమ్ముట కొనుట సంపూర్ణముగ నిషిద్ధమగుటతో వృత్తివేట అంతరించెను.

1918 నాటి చట్టము తమ హక్కులను హరించుచున్నదని మిస్సోరి రాష్ట్రము, సమాఖ్య వేటరక్షకుడగు రే హాలండుపై వ్యాజ్యము వేసినది. 1920లో సర్వోన్నత న్యాయస్థానము ఆ వాదమును త్రోసిపుచ్చెను. పక్షి ఒక రాష్ట్రమున తాత్కాలికముగ మాత్రమే నిలుచుననియు, సంధియు చట్టమును లేకున్నచో కొలదికాలములోనే రాష్ట్రములు పాలించుటకు పక్షులే మిగులవనియు న్యాయమూర్తి ఆలివర్ వెండెల్ హోమ్స్ తీర్పున వివరించెను. సంధి చేయు అధికారమునకు గల పరిధిని నిరూపించిన తీర్పుగా రాజ్యాంగశాస్త్రమునందును దీనికి ప్రత్యేకస్థానము కలదు. తరువాత మెక్సికోతో 1936లోను, జపానుతో 1972లోను, సోవియట్ సమాఖ్యతో 1976లోను ఇట్టి సంధులే జరిగినవి. ఉత్తరప్రాంతముల ఆదివాసులు ఆహారార్థమై వసంతమున చేయు వేటను 1916 సంధి గుర్తింపకపోయినది. ఆ లోపమును 1995లో చేసిన సవరణ ఒప్పందము దిద్దెను.

బాతుబిళ్ల

చంపుటను అదుపుచేసినంతమాత్రమున పక్షిజాతి నిలువదనియు, దిగుటకు నీరు, మేయుటకు గడ్డి, గూడు కట్టుటకు నేల ఉండవలయుననియు 1930 ప్రాంతపు మహాక్షామము నిరూపించెను. మైదానప్రదేశముల పల్లపు గుంటలు ఎండి, చిత్తడినేలలు పొలములై, నీటిపక్షుల సంఖ్య మిక్కిలి క్షీణించినది. 1929లో పక్ష్యాశ్రయములకై భూములు కొనుటకు చట్టము ఏర్పడినను ధనము లేకపోయెను. ఆ ధనమును వేటకాండ్రనుండియే సేకరింపవలెనను ఆలోచన 1934 మార్చిలో చట్టరూపము దాల్చెను. దాని ప్రకారము పదునాఱేండ్లు నిండిన ప్రతి నీటిపక్షి వేటకాడును ఏటేట ఒక సమాఖ్య బిళ్లను కొని, దానిమీద సిరాతో అడ్డముగా సంతకము చేసి వెంటనుంచుకొనవలసియుండెను. జనులు దీనిని బాతుబిళ్ల అని పిలుచుచున్నారు.

తొలిబిళ్లకు బొమ్మ గీసినవాడు వ్యంగ్యచిత్రకారుడుగా ప్రఖ్యాతిగాంచి, ఆ యేడే జీవసర్వేక్షణశాఖకు అధిపతియైన జే "డింగ్" డార్లింగ్. నీటిపై వాలుచున్న బాతుజంటను చూపు ఆ బిళ్ల వెల ఒక డాలరు; తొలియేట ఆరు లక్షల ముప్పదియైదువేలకు పైగా అమ్ముడుపోయినవి. రిచర్డ్ బిషప్ చిత్రించిన కెనడా పెద్దబాతులు 1936 నాటి బిళ్లమీద వెలసినవి. 1949 నుండి బొమ్మను బహిరంగపోటీ ద్వారా ఎన్నుకొనుచుండుటచే చిత్రకారులకు అదియొక గౌరవస్థానమైనది. వెల క్రమముగ పెరిగి 2015లో 25 డాలర్లయినది. వచ్చిన ప్రతి డాలరునందు 98 సెంట్లు చిత్తడినేలల సేకరణకే వినియోగమగుచున్నవి. ఇట్లు రక్షితమైన భూమి అరువది లక్షల ఎకరములకు మించినది. వేట ఎఱుగని పక్షిప్రియులును, బిళ్లల సేకర్తలును దీనిని కొనుచుండుట గమనింపదగినది. ఆశ్రయభూముల సరిహద్దుల నేటికిని కానవచ్చు నీలిబాతు చిహ్నమును గీసినదియు డార్లింగే.

1937 నాటి పిట్మన్–రాబర్ట్‌సన్ చట్టము, పొడుగు తుపాకులమీదను తూటాలమీదను వసూలగు నూటికి 11 వంతుల సుంకమును రాష్ట్రముల వన్యప్రాణిశాఖలకు కేటాయించెను. వేట లైసెన్సుల రుసుమును ఆ శాఖల పనులకు తప్ప అన్యకార్యములకు మళ్లింపబోమని స్వయముగ చట్టము చేసికొనిన రాష్ట్రమునకే ఈ ధనము లభించునని విధించుట ఇందలి విశేషము.

వేటపద్ధతులమీది కట్టుబాట్లు

1935లో వచ్చిన నిబంధనలు నేటి వేటకు రూపమిచ్చినవి. ధాన్యము వెదజల్లి పక్షులను ఆకర్షించి కాల్చుట నిషిద్ధమైనది. ఎర చల్లిన తావును పూర్తిగా శుభ్రపరచిన పిదప సైతము పది దినములవరకు అది ఎరస్థలముగనే పరిగణింపబడును. పంట కోయునపుడు సహజముగ రాలిన గింజలున్న పొలమున వేటాడుటకు మాత్రము అభ్యంతరము లేదు. సజీవములైన దీమపు పక్షులను కట్టివేసి అడవిగుంపులను దింపుట మానిపింపబడినది. నాటినుండి కొయ్యదీమములును, ఇతర కృత్రిమ దీమములును మాత్రమే వాడుకలో నున్నవి. అంతవరకు దీమములుగా పెంచబడిన కెనడా పెద్దబాతులను పలువురు విడిచిపెట్టుటయు, వలసపోక ఒకేచోట నిలిచియుండు గుంపులు పెరుగుటకు ఒక కారణమైనది.

రవల తుపాకి 10 గేజికి మించినది కారాదు. మూడు తూటాలకంటె ఎక్కువ పట్టకుండునట్లు దాని గర్భమున అడ్డుకట్టె బిగింపవలెను. రైఫిలు, వల, ఉచ్చు, విషము నిషిద్ధములు. నడచుచున్న మోటారుపడవనుండిగాని వాహనమునుండిగాని కాల్చరాదు. యంత్రముచే ధ్వనింపజేయు పక్షికూతలు సాధారణ ఋతువున వాడరాదు. కాల్పులవేళ సాధారణముగ సూర్యోదయమునకు అరగంట ముందునుండి సూర్యాస్తమయము వరకు. గాయపడిన పక్షిని వెదకి తెచ్చుటకు తగిన ప్రయత్నము చేయుట వేటకాని విధి. ఇంటికి చేర్చువరకు ప్రతి పక్షికిని తలగాని, ఈకలతో నిండిన ఒక రెక్కగాని విడదీయక ఉంచవలెను. అట్లుంచినగాని తనిఖీ చేయు అధికారి జాతిని గుర్తింపజాలడు. పక్షులను ఇతరులవద్ద వదలి వెళ్లునపుడు, వేటకాని పేరు, చిరునామా, జాతి, సంఖ్య, చంపిన తేది తెలుపుచు సంతకముచేసిన చీటిని వానికి కట్టవలెను.

అనుమతిపత్రములు

నేడు పెద్దబాతుల వేటకు పోవువాడు మొదట తాను వేటాడు రాష్ట్రపు లైసెన్సు పొందవలెను. ఆ రాష్ట్రనివాసికంటె పరరాష్ట్రీయునికి రుసుము హెచ్చు. దానికి తోడు బాతుబిళ్లయు, పెక్కు రాష్ట్రములలో ఆ రాష్ట్రపు ప్రత్యేక బిళ్లయు, వేటసమాచార కార్యక్రమమునందు పేరు నమోదైనట్లు నిదర్శనమును ఉండవలెను. తుపాకి భద్రత, పక్షుల గుర్తింపు, వేటధర్మములు బోధించు శిక్షణను 1949లో న్యూయార్కు నిర్బంధము చేయగా తక్కిన రాష్ట్రములు అనుసరించినవి. 1918 నాటి చట్టమును మీరినవానికి 15,000 డాలర్ల వరకు జరిమానాయు, ఆరునెలల వరకు కారాగారమును విధింపవచ్చును; అమ్ముటకై చంపుట అంతకంటె ఘోరనేరము.

పరిమితులు నిర్ణయించు విధము

కాళ్లకు లోహపు కడియములు తొడిగి విడిచిన పక్షుల రాకపోకలను పరిశీలించి, ఫ్రెడరిక్ లింకన్ అను శాస్త్రజ్ఞుడు ఖండమున నాలుగు ప్రధాన వలసమార్గములను గుర్తించెను: అట్లాంటిక్, మిసిసిపి, మధ్య, పసిఫిక్ మార్గములు. 1948 నుండి నిబంధనలు ఈ మార్గముల ననుసరించియే వెలువడుచున్నవి. 1955 మొదలు ప్రతివసంతమున చిన్న విమానములలో తిరిగి నీటిపక్షులను లెక్కించుచున్నారు. కొందఱు వేటకాండ్రు తాము చంపిన పెద్దబాతుల తోకయీకలను, రెక్కకొనలను కవరులో పెట్టి పంపగా, నిపుణులు వానినిబట్టి జాతిని, వయస్సును నిర్ణయింతురు. పిల్లపక్షుల నిష్పత్తినిబట్టి ఆ యేటి సంతానోత్పత్తి తెలియును. ఈ లెక్కలనాధారముచేసికొని సమాఖ్యశాఖ హద్దులు గీయగా, వాని లోపలనే రాష్ట్రములు తమ దినములను, దినపరిమితులను ప్రకటించును. రాష్ట్రము హద్దును కుదింపవచ్చును గాని పెంపరాదు.

సీసపు రవల నిషేధము

చెరువు అడుగున పడిన సీసపు రవలను గులకరాళ్లని భ్రమించి మ్రింగిన పక్షులు విషముసోకి చచ్చుచుండెను; వానిని తిన్న తెల్లతల గ్రద్దలును అట్లే నశించుచుండెను. అందుచే 1987 మొదలు అంచెలంచెలుగా అమలుపరచి, 1991 నాటికి నీటిపక్షుల వేటలో సీసమును దేశమంతట నిషేధించిరి. ఉక్కు, బిస్మత్, టంగ్‌స్టన్ రవలు దాని స్థానమునాక్రమించినవి.

పెరిగిన గుంపులు, సడలిన నిబంధనలు

రక్షణ ఫలించినచోట క్రొత్తచిక్కు పుట్టెను. వరి, మొక్కజొన్న పొలములలో మిగులు గింజలు తిని హిమబాతులు అపరిమితముగ పెరిగి, హడ్సన్ అఖాతతీరపు గడ్డిని వేళ్లతో పెల్లగించి తినుటచే, ఆ నేల ఉప్పుబారి మరల మొలకెత్తని దుస్థితి ఏర్పడెను. అందుచే 1999లో ప్రత్యేకశాసనముచే హిమబాతులకు, రాస్ పెద్దబాతులకు ఇతర ఋతువులు ముగిసిన తరువాత వేటను అనుమతించి, యంత్రపుకూతలను, అడ్డుకట్టె లేని తుపాకులను సమ్మతించి, దినపరిమితిని తొలగించిరి. దీనికి భిన్నముగ అల్యూషియన్ పెద్దబాతు, ద్వీపములలో ప్రవేశపెట్టిన నక్కలచే నశించి 1967లో ప్రమాదస్థితి జాబితాకెక్కి, నక్కల తొలగింపుచేతను వేటనిషేధముచేతను కోలుకొని, 2001లో ఆ జాబితానుండి బయటపడినది. ఒకే వ్యవస్థ ఒకజాతికి వేటను మూసి, మరియొకజాతికి తెరచుట ఇందు చూడవచ్చును.

భారతదేశము

భారతదేశమున 1887, 1912 నాటి పక్షిరక్షణ చట్టములు అభయకాలములను గుర్తించినవి. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము మొదట లైసెన్సుపై కొంత వేటను అనుమతించినను, 1991 సవరణ ఆ పద్ధతిని రద్దుచేసెను. హిమాలయములు దాటివచ్చి మంజీరా మొదలగు తెలుగునేల జలాశయములలో శీతకాలము గడపు పట్టెతల పెద్దబాతును వేటాడుట నేడు నేరము.

ఫలితము

వేటను పూర్తిగ నిషేధించుటయు, లెక్కకు లోబడి అనుమతించుటయు అను రెండు మార్గములలో అమెరికా రెండవదానిని ఎన్నుకొనెను. ఆ మార్గము అచట సఫలమగుటకు మూడు కారణములు కానవచ్చుచున్నవి: పక్షిని అంగడిసరుకు కాకుండ చేయుట, ఏటేట లెక్కించి పరిమితిని సవరించుట, వేటకాని రుసుమును చిత్తడినేలకే మరలించుట. ఇందు ఏ ఒక్కటి లోపించినను అనుమతిపత్రము వట్టి కాగితమగును. వేట నిషిద్ధమైన మన దేశమునకును మూడవ పాఠము వర్తించును. చెరువులు పూడిపోయినచో, తుపాకిని మాన్పినంతమాత్రమున వలసపక్షి మరల రాదు.