ఐర్లండు దూరదర్శనము: ఆరంభ సంవత్సర విమర్శ

ఐర్లండు దేశమున దూరదర్శన ప్రసారము లెప్పుడు మొదలయ్యెనని యడిగినచో 1961 అని కొందరును, 1962 అని కొందరును చెప్పవచ్చును. ఈ రెండును అసత్యములు గావు. టెలిఫీస్ ఏరన్ అను పేర వెలసిన ప్రసారసంస్థ 1961 డిసెంబరు 31వ తేది సాయంకాలము 7 గంటలకు తన తొలి కార్యక్రమమును వెలువరించెను. ఆ సంవత్సరమున దానికి మిగిలినవి యైదు గంటలు మాత్రమే. కావున తేదిని బట్టి 1961 అనియు, కార్యమును బట్టి 1962 అనియు నిర్ణయించుట యుక్తము. అయినను తేదుల తగవు ఇచ్చట ముఖ్యము గాదు. శాసనము విధించిన ధర్మ మొకటి. సంవత్సరాంతమునకు గలిగిన ఫలము వేరొకటి. ఈ రెంటి నడుమ నంతర మెంతయో, దానికి హేతు వెయ్యదియో విచారించుటయే యీ వ్యాసమున కుద్దేశము.

ముందుగా పూర్వరంగము కొంత తెలియవలెను. 1926 జనవరి 1వ తేదీన ఐరిషు భాషోద్యమ నాయకుడగు డగ్లస్ హైడు ఉపన్యాసముతో డబ్లిను నగరమున రేడియో ప్రసారములు ప్రారంభమైనవి. అదియే తరువాత రేడియో ఏరన్ అని పేరొందెను. దూరదర్శనము విషయమున మాత్రము ప్రభుత్వము చిరకాలము సంశయించెను. 1961వ సంవత్సరపు లెక్కల ననుసరించి యా దేశ జనసంఖ్య 28 లక్షలు మాత్రమే. అంతకు ముందటి పదేండ్లలో సుమారు 4 లక్షలమంది బ్రదుకుతెరువునకై విదేశములకు వలసపోయిరి. అట్టి దేశమునకు వ్యయభీతి కలుగుట సహజము.

అయినను ఆకాశమునకు సరిహద్దురాళ్లు లేవు. 1953 నుండి బెల్‌ఫాస్టు నగరమున బి.బి.సి. వారి దూరదర్శనమును, 1959 అక్టోబరు 31 నుండి అల్‌స్టర్ టెలివిజను వారి ప్రసారములును సాగుచుండెను. తూర్పుతీరమున నుండు ఐరిషువారు తమ యిండ్లపై ఏరియళ్లు నిలిపి, పొరుగు రాజ్యపు బొమ్మలను చూచుచుండిరి. తాము దూరదర్శనము నెలకొల్పకున్నంత మాత్రమున ప్రజలు దానిని చూడకుందురనుట భ్రమయని పాలకులకు తేటపడెను. 1958లో నొక విచారణసంఘము నియమింపబడెను. ఖజానాపై భారము పడరాదను నియమము దానికి ముందే విధింపబడెను. వర్తకుల కప్పగింపవలెనా, ప్రభుత్వ సంఘమునకే యుంచవలెనా యను వాదము కొంతకాలము సాగి, తుదకు రెండవ పక్షమే నెగ్గెను. తపాలా తంతి శాఖామాత్యుడు మైకేల్ హిల్లియర్డు కాలమున 1960లో ప్రసారాధికార శాసనము వెలువడెను.

ఈ శాసనమునందలి 17వ నిబంధన భాషాభిమానులకు మిక్కిలి గమనింపదగినది. ఐరిషు భాషను పునరుద్ధరించుట, జాతీయ సంస్కృతిని కాపాడి పెంపొందించుట యను లక్ష్యములను అధికారసంఘము సర్వదా మనస్సునం దుంచుకొనవలెనని యందు విధింపబడినది. కాని యదే సంస్థ జీవనాధారము లైసెన్సు రుసుమును, వాణిజ్య ప్రకటనలును. ప్రకటనదారుడు కోరునది ప్రేక్షకుల సంఖ్య. ఆ సంఖ్యలో నధికభాగము ఇంగ్లీషు మాటలాడువారు. ఇట్లు శాసనము ఒక దిక్కునకును, రాబడి వేరొక దిక్కునకును లాగునట్టి బండి యొకటి సిద్ధమయ్యెను.

బండి తోలువారి నియామకమును చూడుడు. అధికారసంఘమున కధ్యక్షుడు ఈమన్ ఆండ్రూస్. డబ్లినువాడే గాని బి.బి.సి. తెరపై ప్రఖ్యాతి గడించినవాడు. ప్రథమ డైరెక్టరు జనరలు ఎడ్వర్డు రోత్ అమెరికా దేశీయుడు. కొత్తవిద్య నెరిగినవారు స్వదేశమున లేనపుడు పరదేశానుభవమును పిలుచుకొనుట దోషము గాదు. కాని యా యనుభవముతో కూడ దాని యభిరుచులును వచ్చునని మరువరాదు.

ప్రారంభదినమున రాష్ట్రపతి ఈమన్ డి వాలెరా ప్రసంగించెను. ఆయనకు అప్పటికి 79 ఏండ్లు. ఉత్సవవేళ నూతన యంత్రమును పొగడుట లోకాచారము. ఆ వృద్ధుడు మాత్రము దానిని పరమాణుశక్తితో పోల్చి, దానివలన లెక్కింపరాని మేలును, తీర్పరాని కీడును రెండును గలుగవచ్చునని హెచ్చరించెను. అతని భయము నవ్వదగినది కాదు. ఆయన యౌవనము నుండియు కోరిన ఐర్లండు వేరు. ఆ రాత్రి తెరపై నుదయించుచున్న ఐర్లండు వేరు.

ఇక 1962లో భాషకు దక్కిన దేమి? పేరు దక్కినది. ‘ఫీస్’ అనగా ఐరిషు భాషలో దర్శనము. దానికి గ్రీకు ఉపపదమును జేర్చి ‘టెలిఫీస్’ అను సంకరపదమును కల్పించిరి. ‘ఏరన్’ అనునది ఐర్లండు పేరునకు షష్ఠీరూపము. ముద్రయు దక్కినది: రెల్లుతో నల్లెడు సెయింట్ బ్రిజిడ్ సిలువ యా సంస్థకు చిహ్నమయ్యెను. ‘నూఖ్త్’ అను పేర వార్తలకును తావు గలిగెను. కాని దినచర్యలో ముఖ్యభాగము ఇంగ్లీషుననే జరిగెను. అమెరికా చిత్రమాలికలు తెరను విస్తారముగ నాక్రమించెను. మరియొక విశేషము: ఆరంభమున ప్రసారగోపురము విక్లో కొండలలోని కిపూర్ శిఖరమున నొక్కటియే. ఐరిషు మాతృభాషగా నిలిచియున్న గ్రామములు ప్రధానముగా పశ్చిమతీరమున నున్నవి. ఏ భాషకై శాసనమున నిబంధన వ్రాయబడెనో, యా భాషను పలుకువారికే తొలుత ఆ వెలుగు చేరలేదు.

ఇంతటితో సంవత్సరము నిష్ఫలమనుట న్యాయము గాదు. ఆ జనవరిలోనే ఫాదర్ జో డన్ నాయకత్వమున కొందరు క్రైస్తవ పురోహితులు ‘రాడార్క్’ అను చిత్రమాలిక నారంభించి, మతబోధతో నాగక సాంఘిక విషయములను పరిశీలించిరి. అఖిల ఐర్లండు క్రీడాపోటీల తుదిపోరులు తొలిసారిగా తెరకెక్కినవి.

వీని నన్నింటిని మించినది జూలై 6వ తేది రాత్రి ఆరంభమైన ‘లేట్ లేట్ షో’. వేసవిలోని ఖాళీని పూరించుటకై యుద్దేశించిన సంభాషణ కార్యక్రమ మది. దానిని నడపిన గే బర్న్ స్వల్ప విరామముతో 1999 వరకును నడపెను. ఇంట, గుడిలో, సభలో బహిరంగముగ నెత్తరాని విషయములు ఆ వేదికపై పదుగురి యెదుట నెత్తబడెను. 1966లో నొక గృహిణి తన వివాహరాత్రిని గూర్చి పలికిన వినోదపు మాటకు బిషప్పు ఒకడు ఆగ్రహించుటయు, ఆ యాగ్రహమే దేశమంతటను చర్చనీయమగుటయు ప్రసిద్ధములు. లక్ష్యముగా వ్రాయబడిన నిబంధన అలంకారమై మిగిలెను. ఖాళీ పూరించుటకై పెట్టిన ముచ్చట సంఘమును కదల్చెను.

ఇందుకు పూర్వపక్ష మొకటి కలదు. శతాబ్దముల పర్యంతము క్షీణించిన భాషను ఒక్క సంవత్సరపు ప్రసారములు ఉద్ధరింపలేవు. కావున టెలిఫీస్ ఏరన్‌ను నిందింపరాదని యందురు. ఒప్పుకొందము. కాని మా యాక్షేపణ సంస్థపై గాదు, ఉపాయముపై. భాషకై ప్రత్యేక ధనమును, ప్రత్యేక వేళను, ప్రత్యేక కళాకారులను కేటాయింపక, ‘మనస్సునం దుంచుకొనుడు’ అనుట శాసనకర్త తన బాధ్యతను పరుల మనస్సునకు బదిలీ చేయుటయే. తరువాతి చరిత్రయే దీనికి సాక్ష్యము. 1972లో ఐరిషు గ్రామములకై ప్రత్యేక రేడియోయు, 1996 అక్టోబరు 31న ‘టెలిఫీస్ నా గేల్గె’ అను ప్రత్యేక దూరదర్శనమును స్థాపింపవలసి వచ్చెను. 1960 శాసనముతోనే కార్యము సిద్ధించియున్నచో, 36 ఏండ్ల తరువాత నీ రెండవ ప్రయత్నమున కవసర మేమి?

కావున 1962వ సంవత్సరము భాషాచరిత్రకారునకు నేర్పు పాఠ మిది: యంత్రము ఏ భాషకును శత్రువు గాదు, మిత్రమును గాదు. దానికి రాబడి నిచ్చువా డెవడో, దానియెదుట కూర్చుండి వినువా డెవడో, యది వారి భాషనే పలుకును. భాషను బ్రదికింపగోరువారు శాసనమున నొక వాక్యమును సంపాదించి తృప్తి పడరాదు. ఆ వాక్యమునకు మూల్యము చెల్లించు మార్గమును గూడ సంపాదింపవలెను.